వింటున్నట్టు

కెమెరా ముందు ఎలా కూర్చోవాలో ఎంతోమందికి నేర్పిన మనిషికి, తన వంతు వచ్చేసరికి ఉన్న రెండు చేతులూ అదనంగా మొలిచినట్టనిపించింది. ఒళ్లో పెట్టుకుంటే పన్ను పీకించుకోవడానికి వచ్చినట్టుంది. కట్టుకుంటే ఎవరి మీదో ఫిర్యాదు ఇవ్వడానికి వచ్చినట్టుంది. "కుర్చీకి చేతులున్నాయిగా, మళ్లీ నాకెందుకు?" అని తనే నవ్వేసి, కుర్చీ చేతుల మీద చేతులు పారేసింది. కెమెరా పక్కనున్న శిష్యుడూ నవ్వాడు గానీ ఫోకస్ మీద నుంచి వేలు కదపలేదు. ఆమెకు ముచ్చటేసింది. పొట్ట చెక్కలయ్యేలా నవ్వొచ్చినా వేలు కదలకూడదని నేర్పింది తనే మరి.

ఆ సినిమా విద్యాసంస్థలో ఆమెను ఎదురుగా మేడమ్ అంటారు, చాటున రీలమ్మ అంటారు. రీళ్లు పోయి చిప్పులొచ్చినా పేరు మాత్రం మారలేదు. "ఇంకా నయం, చిప్పమ్మ అనలేదు. అంటే పేరుతో పాటు చేతికో చిప్ప కూడా ఇచ్చేవాళ్లు" అంటాడు ఆమె భర్త. శిష్యుడికీ ఒక పేరుంది. చదువుకునే రోజుల్లో కెమెరా స్టాండును భుజం మీంచి దించేవాడు కాదు, పైగా వాడివీ అలాంటి కాళ్లే, అందుకని ట్రైపాడ్. ఇప్పుడు వాడికి సొంత స్టూడియో ఉంది, చెబితే వినే మనుషులున్నారు. సంస్థకు పాతికేళ్లు నిండిన సందర్భంగా ఒక చిత్రం తియ్యమని చైర్మన్ వాడికే అప్పగించాడు.

మామూలుగా అయితే రీలమ్మ ఇలాంటి భజన చిత్రాల్లో తాళం వెయ్యదు. వచ్చింది తన కోర్సు కోసం. డాక్యుమెంటరీ కోర్సంటే ఆ సంస్థలో ఒక క్లాసు గది, కుర్చీలు కిర్రుమనే చిన్న ప్రదర్శన హాలు, గుప్పెడుమంది పిల్లలు, ఆమె. దాన్ని కొత్తగా పెట్టబోయే ప్రచార చిత్రాల కోర్సులో కలిపెయ్యాలని చైర్మన్‌కు ఎప్పటినుంచో ఉంది. నీళ్లలో ఉప్పురాయిని కూడా కలుపుతామనే అంటారు. కలిపాక రాయెక్కడుందో చూపించమంటే చూపించలేరు. రెండుసార్లు ఆయన ఆ మాట ఎత్తాడు. మేడమ్ ఒప్పుకోకుండా మేం ఒప్పుకోమని పిల్లలూ, వాళ్ల వెనక తల్లిదండ్రులూ రెండుసార్లూ భీష్మించుకు కూర్చున్నారు. ఉత్సవం అయిన మర్నాడు పాలక కమిటీ మళ్లీ సమావేశం కాబోతోంది. ఈసారి తేల్చేస్తారు. కోర్సు ఎందుకుండాలో మీరు చెప్పే మాట చిత్రంలో ఉంచుతాను మేడమ్, కమిటీ వాళ్లు ముందు వరసలోనే ఉంటారు అని ట్రైపాడ్ మాటిచ్చాడు. ఆ మాట మీద వచ్చి కూర్చుంది.

వాడు అడుగుతుంటే చెప్పుకుపోయింది. నిర్మాతగా ఉన్నప్పుడు అద్దె కెమెరా తిరిగి ఇచ్చే గడువులోపల, మగ్గం ముందు కూర్చున్న మనిషి నోరు విప్పడం కోసం ఎదురుచూసిన పగళ్ల గురించి చెప్పింది. తీసిన సినిమాలను సంచిలో వేసుకుని కార్మిక సంఘాల హాళ్లకూ బడులకూ తిరగడం గురించి చెప్పింది. ఏ ఊరికి వెళ్లినా హాలు ఉంటుంది, తెర ఉంటుంది, జనం ఉంటారు, తాళంచెవి ఉన్న మనిషి మాత్రం భోజనానికి వెళ్లి ఉంటాడు. "మా ఆయన అంటాడు, పంపిణీ అంటే మరేమీ లేదు, పంపి నీలుగుతూ కూర్చోవడం అని." ట్రైపాడ్ ఈసారి కూడా వేలు కదపకుండానే నవ్వాడు. కోర్సు దగ్గరికి వచ్చేసరికి ఆమె నవ్వు ఆపింది. "పని చేసుకుంటున్న మనిషి పక్కన, వాళ్లకు అడ్డం రాకుండా కూర్చోవడం నేర్పే చోటు ఇదొక్కటే. ఇది పోతే ఇంకెక్కడా లేదు" అని, కెమెరా వంక కాకుండా, తన శిష్యుడి కళ్లలోకి చూస్తూ చెప్పింది.

అయిపోయింది. కాలర్‌కు గుచ్చిన మైకు తియ్యబోతుంటే ట్రైపాడ్ గొంతు సవరించుకుని, ఒక్క రెండు నిమిషాలు వింటున్నట్టు కూర్చోమని అడిగాడు.

ఇది ఆ వృత్తిలో రోజూ ఉండే పనే. ఉన్నది ఒకటే కెమెరా కాబట్టి, వినేవాళ్ల ముఖం విడిగా, తర్వాత తీస్తారు. ఎదుట ఎవరూ మాట్లాడరు. మనిషి గోడకేసి చూస్తూ తలాడిస్తే, ఆ ముక్కను తర్వాత మాటలు కత్తిరించిన చోట వేసి కత్తిరింపు కనబడకుండా చేస్తారు. మొదటి సంవత్సరం పిల్లలకు మొదటి నెలలోనే ఆమె దీన్ని నేర్పుతుంది. దీన్ని అబద్ధమనకండి, బట్టకు లోపలివైపు కుట్టు లాంటిది అంటుంది.

కాబట్టి మారుమాట్లాడకుండా మళ్లీ కూర్చుంది. కూర్చుని ఊరుకుందా? కిటికీలోంచి వచ్చే వెలుతురు జరిగిందనీ, ముందు తీసిన దానితో కలవదనీ చెప్పి కుర్చీ తనే జరిపింది. కుడివైపు చూడమని ట్రైపాడ్ అంటే తప్పు పట్టుకుంది. నువ్వు నాకు ఎడమవైపు కూర్చుని అడిగావు, నేను కుడివైపు చూస్తే ఎవరితో మాట్లాడుతున్నట్టు, గోడతోనా? ట్రైపాడ్ చెవి గోక్కున్నాడు. "రెండువైపులా తీసుకుందాం మేడమ్, జాగ్రత్తకి. మీరు చెప్పేదేగా, ఉన్నది వాడక్కర్లేదు గానీ లేనిది వాడలేం అని." తన మాటే తనకు తిరిగొచ్చేసరికి ఆమె కరిగిపోయి కుడివైపుకు తిరిగింది. ఒకసారి ఆలోచనగా తలాడించింది. ఒకసారి చిన్నగా నవ్వుతూ. ఇంకోసారి కళ్లు దించి, కష్టమైన మాటను మెల్లగా ఒప్పుకుంటున్నట్టు, రెండుసార్లు. కూరల బేరం అయ్యాక కొసరు వేసినట్టు వాడు అడగనివి కూడా వేసింది.

"ఇంత బాగా ఎవరూ ఇవ్వలేదు మేడమ్" అన్నాడు వాడు. అందులో అబద్ధం లేదు.

ఉత్సవం ముందురోజు ఆమె తన క్లాసులోని బూమ్ పిల్ల తీసిన ముక్కలు చూస్తూ గడిపింది. అందరికంటే ఆ అమ్మాయి పొడుగు. బూమ్ అనే పొడుగాటి మైకు కర్ర తలల మీదుగా పట్టుకునే పని ఎప్పుడూ ఆమెకే పడుతుంది కాబట్టి ఆ పేరు. పెద్దాసుపత్రి దుప్పట్లు ఉతికే లాండ్రీలో ఆడవాళ్ల మీద సినిమా తీస్తోంది. వాళ్లను చాలాకాలం ఊరికే చూస్తూ కూర్చుందట. ఇప్పుడిప్పుడే కెమెరాను మర్చిపోతున్నారు. తెర మీద ఇద్దరు ఆడవాళ్లు తడి దుప్పటి చెరో కొసా పట్టుకుని ఎదురెదురుగా మెలితిప్పుతున్నారు. మందు నీళ్లకు వేళ్ల సందులు తెల్లగా ఒలిచిపోయి ఉన్నాయి. బూమ్ పిల్ల వాళ్లను, చేతులకు తొడుగులు ఇవ్వమని ఎందుకు అడగరు అని అడిగింది. ఒకావిడ మెలితిప్పడం ఆపి, నిన్ను అడగమని ఎవరు పంపారే అంది. తర్వాత చాలాసేపు ఎవరూ మాట్లాడలేదు. ఆ అమ్మాయి కెమెరా ఆపలేదు. కాసేపటికి ఆవిడే చేతులు చాపి చూపిస్తూ చెప్పడం మొదలుపెట్టింది.

రీలమ్మ ఆ ముక్కను మళ్లీ వేయించుకుని చూసింది. బాగుందని అనలేదు, ఆమె అలవాటు అది కాదు. సినిమా పూర్తయ్యాక మొదట ఎక్కడ వేస్తున్నావని అడిగింది. లాండ్రీలోనే, ఉతికిన దుప్పటే తెరగా కట్టి, అంది బూమ్ పిల్ల. కోర్సు ఉండాలని రాసి ఉత్సవానికి బ్యానర్ కూడా సిద్ధం చేశామని చెప్పింది. చిత్రం అవగానే పిల్లలందరూ లేచి దాన్ని విప్పుతారు, తల్లిదండ్రులు కూడా నిలబడతామన్నారు. మీరేం మాట్లాడక్కర్లేదు మేడమ్, తెర మీద మాట్లాడేశారుగా అంది.

ఇంటికి వెళ్లి భర్తకు చెబితే ఆయన కళ్లజోడు నుదుటి మీదికి తోశాడు. అచ్చు పుస్తకాల్లో తప్పులు దిద్ది రిటైరైన మనిషి. మనుషులనూ అలాగే చూస్తాడు, ఎక్కడ ఒత్తు పోయిందా అని. డాక్యుమెంటరీలంటే డాక్యుమెంట్లెక్కువ, ఎంట్రీలు తక్కువ అనుకున్నాను, రేపు హాలు నిండిపోయేలా ఉందే అని, ఉతికిన చొక్కా తీసి తనే ఇస్త్రీ చేసుకున్నాడు.

పెద్ద హాలు. అలవాటు కొద్దీ రీలమ్మ చివరి వరసదాకా నడిచి మాట వినబడుతోందో లేదో చూసుకుంది. ప్రొజెక్టర్‌లో ఎరుపు కాస్త ఎక్కువైందని నడిపేవాడికి చెప్పి తగ్గించింది. వెనక వరసల్లో పిల్లలు నిటారుగా కూర్చున్నారు. చుట్టిన బ్యానర్ బూమ్ పిల్ల కాళ్ల దగ్గరుంది. ముందు వరసలో కమిటీ వాళ్లు, మధ్యలో తల్లిదండ్రులు, పాత విద్యార్థులు. రీలమ్మ భర్త పక్కన కూర్చుంది.

చిత్రం బాగానే తీశాడు. తాళంచెవి మనిషి మాటకు హాలంతా నవ్వింది. పంపిణీ మాటకు భర్త మోచేత్తో పొడిచాడు, అది నాదే అన్నట్టు. తర్వాత ఆమె మాట వచ్చింది, ఒక్క అక్షరం పోకుండా: ఇది పోతే ఇంకెక్కడా లేదు. వెనక నుంచి పిల్లలు చప్పట్లు కొట్టారు. ట్రైపాడ్ మాట నిలబెట్టుకున్నాడని ఆమె భర్త చెవిలో చెప్పింది.

చప్పట్లు ఆగకముందే తెర మీదకు చైర్మన్ వచ్చాడు. తన గదిలో, తన కుర్చీలో, ఎడమవైపుకు తిరిగి, ఎవరికో నచ్చజెబుతున్నట్టు మాట్లాడుతున్నాడు. మేడమ్ చెప్పింది అక్షరసత్యం అన్నాడు. అయితే కాలం ఎవరి కోసమూ ఆగదు అన్నాడు. "ఆ కోర్సు తన పని తాను గౌరవంగా పూర్తి చేసుకుంది. కొత్త కోర్సులో కలవడమే దానికి మంచిది. ఈ సంగతి నాకంటే మేడమ్‌కే బాగా తెలుసు."

అప్పుడు తెర మీద రీలమ్మ. కుడివైపుకు తిరిగి ఉంది. కళ్లు దించి, కష్టమైన మాటను మెల్లగా ఒప్పుకుంటున్నట్టు, రెండుసార్లు తలాడించింది. చూపు చైర్మన్ చూపుకు సరిగ్గా ఎదురుపడింది. ఆయన ఇంకో ముక్క చెప్పాడు. ఆమె చిన్నగా నవ్వింది.

హాలంతా గట్టిగా చప్పట్లు కొట్టింది. కొందరు పాత విద్యార్థులు కళ్లు తుడుచుకున్నారు. కమిటీలో ఒకాయన వెనక్కి తిరిగి ఆమెకు నమస్కారం పెట్టాడు. రీలమ్మ పిల్లల వైపు చూసింది. వాళ్లు తెర చూడడం లేదు, ఆమెను చూస్తున్నారు. బూమ్ పిల్ల కాలితో బ్యానర్‌ను కుర్చీ కిందికి ఇంకా లోపలికి నెట్టింది.

దీపాలు వెలిగాక చైర్మన్ వచ్చి ఆమె చేతులు రెండూ పట్టుకున్నాడు. "నేను ఒప్పుకోలేదండీ" అంది రీలమ్మ. గొంతు తగ్గించలేదు, చుట్టూ ఉన్నవాళ్లకు వినబడింది. "అవునమ్మా, ఒప్పుకోవడం ఎవరికైనా కష్టమే" అన్నాడాయన, చేతులు వదలకుండా, నిజంగానే జాలిగా. చుట్టూ ఉన్నవాళ్లు కూడా జాలిపడ్డారు. ఎవరో ఫొటో తీశారు.

దారిలో భర్త చాలాసేపు బిగబట్టుకుని, చివరికి ఉండబట్టలేక, "తలూపితే తలుపు మూశారన్నమాట" అన్నాడు. ఆమె ముఖం చూసి నాలిక్కరుచుకుని, ఇంటికి వెళ్లాక అడక్కుండానే గిన్నెలన్నీ తోమాడు.

మర్నాడు పొద్దున్నే ట్రైపాడ్ స్టూడియోకు వెళ్లింది. వాడు లేచి నిలబడి, ఎడిటింగ్ గదిలోంచి మిగతావాళ్లను పంపించి, తలుపు వేసి, తన కుర్చీ ఆమెకిచ్చి తను బల్లకానుకున్నాడు. మీ మాట ఒక్క అక్షరం తియ్యలేదు మేడమ్ అని వాడే మొదలుపెట్టాడు. చైర్మన్ మాటలు మూడు చోట్ల కత్తిరించాల్సొచ్చిందట, మధ్యలో ఎవరిదో ముఖం కావాలట. గోడగడియారం వెయ్యొచ్చు, కిటికీ వెయ్యొచ్చు కదా అని ఆమె అడిగింది. ఆయనే మీ ముఖం అడిగారు అన్నాడు నేల చూస్తూ.

"నన్ను కుడివైపు చూడమన్నప్పటికే అడిగాడా?"

వాడు చెవి గోక్కున్నాడు.

"నాకొక్క మాట చెప్పొచ్చుగా."

"చెబితే ఒప్పుకోరు కదా మేడమ్."

ఆ మాట అన్న తీరులో పొగరు లేదు. ఎండగా ఉందండీ అన్నట్టు అన్నాడు. నేను నేర్పింది ఇందుకేనా అంది ఆమె. వాడు అప్పుడు తలెత్తాడు.

"మీ కాలనీ సినిమాలో ఆఫీసరు ఆవలింత ఉంది కదా మేడమ్."

ఆమె సినిమాల్లో అన్నిటికంటే ఎక్కువ హాళ్లు తిరిగినది అదే. ఇల్లు కూల్చవద్దని ముసలావిడ ఏడుస్తూ చెబుతుంటే బల్ల అవతల ఆఫీసరు నోరంతా తెరిచి ఆవలిస్తాడు. ఆ చోట ఏ ఊళ్లో అయినా జనం పళ్లు కొరికేవాళ్లు. ఆ ఆవలింతను ముసలావిడ ఆ గదిలోకి రాకముందే, దీపాలు సర్దుతుండగా తీశారు. ఒక కత్తిరింపుకు ఎంత బలముందో చూడండని ప్రతి ఏడూ క్లాసులో తనే గర్వంగా చెప్పుకునేది.

"ఆ మనిషి కాలనీ మొత్తం నేలమట్టం చేయించాడు" అంది.

"చేయించాడు మేడమ్. కానీ ఆవిడ ఏడుస్తుంటే ఆవలించలేదు."

"అది వేరు" అంది రీలమ్మ, కుర్చీ వెనక్కి జరుపుకుంటూ. "అవును మేడమ్, వేరే" అని వాడు వెంటనే ఒప్పేసుకున్నాడు. కాదని వాదించి ఉంటే ఆమెకు కాస్త తెరిపిగా ఉండేది. ఆ ముక్క తీసెయ్యమని అడగడానికే వచ్చింది. అది అప్పటికే చైర్మన్ చేతికి వెళ్లిపోయింది, ఊరంతా చూసేసింది. అడగకుండానే లేచింది. వాడు గుమ్మందాకా వచ్చి, జాగ్రత్తగా దిగండి మేడమ్, మూడో మెట్టు ఎత్తు ఎక్కువ అన్నాడు.

ఆ మధ్యాహ్నమే కమిటీ కూర్చుంది. ఆమెను లోపలికి పిలిచారు. నేను ఒప్పుకోలేదని అక్కడా చెప్పింది. వాళ్లు ఓపిగ్గా విన్నారు. మరి పిల్లలేమంటున్నారో కనుక్కుందాం అని, రాతపూర్వకంగా అభ్యంతరాలు వచ్చాయా అని గుమాస్తాను అడిగారు. ఈసారి ఒక్కటీ రాలేదన్నాడు గుమాస్తా. కోర్సును కలిపెయ్యాలని తీర్మానం రాసుకున్నారు.

తర్వాతి రోజు క్లాసులో రీలమ్మ బోర్డు మీద రెండు కుర్చీలు, ఒక కెమెరా గీసింది. తను ఎటు చూసిందో, ఎందుకు చూసిందో, ఆ తలాడింపు ఏ మాటకూ జవాబు కాదని బాణం గుర్తులతో చూపించింది. పిల్లలు రాసుకున్నారు కూడా. అందులో ఒకడు మెల్లగా, మాకు అర్థమైంది మేడమ్, కానీ మా నాన్న చూసేశారు, ఆయనకు బోర్డు మీద ఎలా గియ్యను అన్నాడు. సగంమంది అప్పటికే కొత్త కోర్సుకు దరఖాస్తు పెట్టారని తెలిసింది. ఆలస్యమైతే సీట్లుండవని భయం. ఎవరినీ తప్పుపట్టడానికి లేదు.

"బోర్డు మీద గీసింది అర్థమైంది మేడమ్" అంది బూమ్ పిల్ల. "కానీ అందులో మీ ముఖం చూస్తే మాత్రం నిజంగానే ఒప్పుకున్నట్టుంది. అంత బాగా చేశారు."

రీలమ్మ డస్టర్‌తో ముందు కెమెరాను తుడిచింది, తర్వాత కుర్చీలను.

కార్మిక సంఘం హాలు మనిషి కూడా ఆ సాయంత్రం ఫోన్ చేశాడు. అన్ని ఊళ్ల తాళంచెవుల్లోకీ వేళకు హాలు తీసిపెట్టే తాళంచెవి అతనిది ఒక్కటే. మీరు విరమించుకున్నారని విన్నామండీ, నెలనెలా మీకిచ్చే ఆదివారం కుట్టుమిషన్ల క్లాసు వాళ్లు అడుగుతున్నారు, ఇచ్చేసేదా అన్నాడు. సినిమాలు వెయ్యడానికి నాకు కోర్సుతో పనేముంది అని ఆమె అంటే, అది నిజమేననుకోండి, అయినా మీ పిల్లలు తీసే సినిమాలు లేకపోతే ఎవరొస్తారండీ అన్నాడు. ఆమె ఏదో అనేలోపల, సరేనండీ, అలాగైతే ఇచ్చేస్తాను అని పెట్టేశాడు. ఆమె సరే అనలేదు.

వారం చివర్లో బూమ్ పిల్ల ఇంటికొచ్చింది. భర్త తలుపు తీసి, తలవంచి రామ్మా, నీ ఎత్తుకు మా గుమ్మం పై ఎత్తు వెయ్యలేదు అన్నాడు. ఆ అమ్మాయి మర్యాదకు నవ్వింది. కొత్త కోర్సులో చేర్చుకోవడానికి పాత టీచరు సిఫారసు ఉత్తరం కావాలన్నారట. చేత్తో రాసినా ఫర్వాలేదట.

రీలమ్మ బల్ల మీది కాగితాలు పక్కకు జరిపి చోటు చేసుకుంది. లాండ్రీకి వెళ్లావా అని అడిగింది. వెళ్లిందట, మొన్న. సినిమా ఆగిపోయిందని చెప్పాలి కదా అని.

"ఏమన్నారు?"

"ఏమీ అనలేదు మేడమ్. దుప్పట్లు మడతలు పెట్టుకుంటున్నారు. ఆవిడ లేదా... చేతులు చూపించినావిడ... ఆవిడ మాత్రం, మరి మా బొమ్మలన్నీ ఎక్కడున్నాయి అంది. నా దగ్గరే ఉన్నాయన్నాను."

"సొంతంగా పూర్తి చెయ్యొచ్చు. నా కెమెరా ఇస్తాను. కోర్సుతో పనిలేదు."

బూమ్ పిల్ల కొంచెంసేపు చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియనట్టు కూర్చుంది. ఆసుపత్రివాళ్లు కొత్త కోర్సుకు ప్రచార చిత్రాలు తీసే పని ఇస్తున్నారని చెప్పింది. మొదటి జట్టులో తన పేరుందట. ఇంట్లో సంతోషిస్తున్నారట. రీలమ్మ అవునా అంది. కలం తీసుకుంది.

రాసింది. ఈ అమ్మాయి శ్రద్ధగా పనిచేస్తుంది, వేళకు వస్తుంది, సామాను జాగ్రత్తగా చూసుకుంటుంది అని రాసింది. ఆగి, కలం మూత కొరికి, ఇంకో వాక్యం రాసింది: అవతలివాళ్లకు ఇష్టం లేని ప్రశ్న కూడా అడుగుతుంది, జవాబు వచ్చేదాకా కదలకుండా కూర్చుంటుంది. తనకు పిల్లల గురించి రాయడం రాదనుకునేది గానీ, ఇది బాగా కుదిరిందనిపించింది. సంతకం పెట్టి ఇచ్చింది.

బూమ్ పిల్ల నిలబడే చదువుకుంది. చదివి, మళ్లీ మొదటికొచ్చి చదివింది. కాగితం బల్ల మీద పెట్టి, ఆ వాక్యం కింద వేలు ఉంచింది.

"మేడమ్, ఇదొక్కటీ తీసేస్తారా?"

గొంతులో సిగ్గుంది, భయమూ ఉంది. వేలు మాత్రం కదల్లేదు. వంటింట్లోంచి భర్త అమ్మాయికి కాఫీలో చక్కెర ఎంత అని అరిచాడు. రీలమ్మ ఆ వాక్యం మీద గీత పెట్టబోయి ఆగింది. కొట్టివేత ఉంటే ఏం కొట్టేశారా అని చూస్తారు. కాగితం తీసి పక్కన పెట్టి, కొత్తది తీసుకుని, మొదటినుంచి మళ్లీ రాసింది. ఈసారి తొందరగానే అయిపోయింది. చదివి చూసుకుంది. బాగానే ఉంది. ఎవరికైనా ఇవ్వొచ్చు.